నా కథలో 'మునక' అనే కాలమానం పెట్టాను, పదకొండో అధ్యాయానికి వచ్చేసరికి లెక్క కుదరట్లేదు

చెరువుగట్టు_కథకుడు:

అందరికీ నమస్తే. హన్మకొండ నుంచి రాస్తున్నా. రెండేళ్లుగా ఒక ఫాంటసీ నవల రాస్తున్నాను, డ్యూటీ అయ్యాక రాత్రిళ్లు కూర్చుని, అందుకే నత్తనడక. లోకం పేరు ఏడుకట్టల సీమ. మన దగ్గర కాకతీయుల కాలం నాటి గొలుసుకట్టు చెరువులు ఉన్నాయి కదా, పై చెరువు నిండి అలుగు పోస్తే కింది చెరువులోకి నీళ్లొస్తాయి, అదే పద్ధతి. కాకపోతే నా లోకంలో నీళ్లతో పాటు మంత్రశక్తి కూడా పారుతుంది. దానికి ఊట అని పేరు పెట్టాను. చెరువులో ఊట ఎక్కువైతే నీళ్లు బరువెక్కుతాయి. తూము తెరిచి ఊటను కొలిచి వదిలేవాళ్లు తూముకాళ్లు, వాళ్ల శాస్త్రం జలవిద్య. గాల్లో చేతులు తిప్పితే నిప్పు పుట్టే రకం కాదు, కొలతలు, పట్టికలు, లెక్కపుస్తకాలు అన్నీ ఉంటాయి.

కాలానికి మునక అనే యూనిట్ పెట్టాను. అడుగున సన్నటి చిల్లు ఉన్న రాగి గిన్నెను నీళ్ల మీద వదులుతారు, అది నిండి మునిగితే ఒక మునక. రోజుకు నూరు మునకలు. అంటే మన లెక్కలో ఒక మునక 14 నిమిషాల 24 సెకన్లు. ఇది ఉత్తగా ఊహించి రాయలేదు, మా నానమ్మ రాగి గిన్నె ఒకటి అటక మీద ఉంటే దించి, కుట్టు మిషన్ సూదిని సుత్తితో కొట్టి చిల్లు పెట్టి, బకెట్లో వదిలి చూశాను. మొదటిసారి ఒక పక్కకు ఒరిగి బుడుంగుమని పోయింది. లోపల చింతగింజలు నాలుగు సర్ది బ్యాలెన్స్ చేస్తే అప్పుడు నిలబడింది. చిన్న గిన్నె కాబట్టి తెల్లవారుజామున 7 నిమిషాల 40 సెకన్లు పట్టింది, మధ్యాహ్నం మిద్దె మీది ట్యాంకు నీళ్లతో (చెయ్యి పెడితే కాలుతున్నాయి) 7 నిమిషాల 5 సెకన్లకే మునిగింది. అక్కడే నాకు అనుమానం మొదలైంది.

అసలు సమస్య పదకొండో అధ్యాయంలో. పై చెరువు దగ్గర నాయిక తూము చెక్కను మూడు మునకల సేపు ఒంటిచేత్తో పట్టుకుని ఉంటుంది. అదే సేపు కింది చెరువు ఊళ్లో జనం ఐదు మునకలు ఎదురుచూస్తారు. నిజం చెప్పాలంటే అది నేను మర్చిపోయి రాసిన తప్పు. తర్వాత చూసుకుని, పై చెరువులో నీళ్లు బరువు కాబట్టి గిన్నె నెమ్మదిగా మునిగిందిలే అని సర్దేశాను. చదివిన మా బావ ఒప్పుకోలేదు. ఆయనకు బట్టల షాపు. "మీటరు కర్ర ఒకరికి పొడుగు, ఒకరికి పొట్టి అయితే దాన్ని మీటరు అంటారా, మోసం అంటారా?" అన్నాడు. రెండు రోజులుగా అదే తలలో తిరుగుతోంది.

గిన్నెను వదిలేసి ఎండ మీద, నీడ మీద పెట్టుకోమంటారా? లేక మునక మారుతుందని ఒప్పేసుకోమంటారా? ఒప్పుకుంటే జలవిద్య శాస్త్రం అని ఎలా చెప్పుకోవాలి?

కాజీపేట_జంక్షన్:

బ్రో, నువ్వు ఇదివరకు పెట్టిన రెండు అధ్యాయాలూ చదివాను, బాగున్నాయి, కానీ లెక్క కంటే ముందు వేరే పని ఉంది నీకు. రెండో అధ్యాయంలో హీరో "ఒక్క నిమిషం ఆగు" అంటాడు. మునకలు కొలిచే లోకంలో నిమిషం ఎక్కడి నుంచి ఊడిపడింది?

ఇంకోటి, ప్రతి మునక పక్కన "అనగా సుమారు పద్నాలుగు నిమిషాలు" అని చెప్పకు. చదివేవాడికి చిరాకు. మా తాత బారెడు పొద్దెక్కింది అంటే అది ఏడున్నరా ఎనిమిదా అని నేనెప్పుడూ అడగలేదు, మంచం దిగేవాణ్ని. అన్నం ఉడికేంత సేపు, బర్రెను కడిగేంత సేపు, ఇట్లా ఒకటి రెండు చోట్ల చూపిస్తే చాలు, మునక ఎంతో మాకే తెలిసిపోతుంది.

రోజుకు నూరు అనేది కూడా నాకు నచ్చలేదు, స్కూల్లో ఎవరో ప్రాజెక్ట్ వర్క్ చేసినట్టుంది. ఫ్రాన్స్‌లో విప్లవం అయ్యాక 1793లో రోజుకు పది గంటలు, గంటకు నూరు నిమిషాలు అని చట్టమే చేశారు, 1795లో పక్కన పడేశారు. జనానికి ఎక్కలేదు.

రిటైర్డ్_లెక్కల_సారు:

తమ్ముడూ, మీ బావ అడిగింది సరైన ప్రశ్న, కానీ జవాబు ఆయన అనుకున్నది కాదు. ముందు గిన్నె సంగతి చూద్దాం, ఎందుకంటే నువ్వు చేసింది మనవాళ్లు వందల ఏళ్లు వాడిన పరికరమే. ఘటీయంత్రం. గిన్నె ఒకసారి మునిగితే ఒక ఘడియ, 24 నిమిషాలు, రోజుకు 60 ఘడియలు. గడియారం అనే మాటలో ఇప్పటికీ ఆ గడియ ఉంది, గోడ మీద క్వార్ట్జ్ ముక్క పెట్టుకుని కూడా మనం గిన్నె పేరే పలుకుతున్నాం. నీ మునకలు ఐదైతే సరిగ్గా మూడు ఘడియలు, 72 నిమిషాలు. కాబట్టి కాజీపేట తమ్ముడు అన్నంత పరాయి లెక్కేమీ కాదు నీది. నూరును ఎనిమిది జాములకు పంచితే పన్నెండున్నర వస్తుందని భయపడకు, అరవైని పంచినా ఏడున్నరే వస్తుంది. జాముకు ఏడున్నర ఘడియలు అని ఊళ్లో ముసలివాళ్లు హాయిగా చెప్పేవాళ్లు, ఆ అర ఘడియ వల్ల ఎవరికీ నష్టం జరగలేదు.

ఇప్పుడు ఆ గిన్నెలో జరిగేది చూడు. తేలుతున్న గిన్నె బయట నీటిమట్టం కొంచెం పైన, లోపలి మట్టం కొంచెం కింద. ఆ తేడాయే చిల్లులోంచి నీళ్లను లోపలికి తోస్తుంది. గోడలు నిటారుగా ఉంటే ఆ తేడా మొదటి నుంచి చివరి దాకా మారదు, అందుకే గిన్నె ఒకే వేగంతో నిండుతుంది. కుండకు చిల్లు పెట్టి నీళ్లు కారబెట్టే గడియారంలో మట్టం తగ్గేకొద్దీ ధార సన్నబడుతుంది, మునిగే గిన్నెకు ఆ పీడ లేదు. చాలా తెలివైన వస్తువు. నీ మధ్యాహ్నం గిన్నె ముందుగా మునగడానికి కారణం కూడా ఉంది, వేడి నీళ్లు పలచన. పది డిగ్రీల నీళ్లకూ నలభై డిగ్రీల నీళ్లకూ జిగట దాదాపు సగానికి సగం తేడా. చిల్లు ఎంత సన్నగా ఉంటే ఆ తేడా అంత కనిపిస్తుంది.

నీళ్లు బరువెక్కితే? గిన్నె ఇంకా పైకి తేలుతుంది, లోపలికీ బయటికీ మట్టం తేడా తగ్గుతుంది, నీళ్లు నెమ్మదిగా ఎక్కుతాయి. అంటే నువ్వు సర్దుకున్న అబద్ధం నిజమే అయ్యింది! కానీ ఇది వర్గమూలం లెక్క. మునక రెట్టింపు కావాలంటే నీళ్లు దాదాపు నాలుగింతలు బరువు కావాలి. నీ మూడుకూ ఐదుకూ రెండున్నర ఇంతలు దాటాలి. అలాంటి నీళ్లలో మనిషి దూకితే బెండులా తేలతాడు, ముంచినా మునగడు. ఆ చెరువులో ఎవరినైనా ముంచి చంపే ఆలోచన ఉంటే మానుకో.

అసలు మాటకొస్తాను. 1672లో రిషే అనే ఫ్రెంచి ఆయన పారిస్‌లో సరిచేసిన లోలకం గడియారాన్ని దక్షిణ అమెరికాలో కయేన్‌కు తీసుకుపోయాడు. అక్కడ అది రోజుకు రెండున్నర నిమిషాలు వెనకబడింది. గడియారం చెడిపోయిందని పక్కన పడేసి ఉంటే కథ అక్కడితో అయిపోయేది. ఆయన నక్షత్రాలతో సరిచూసుకుంటూ పోయాడు, చివరికి తేలిందేంటంటే భూమధ్యరేఖ దగ్గర గురుత్వం కాస్త తక్కువ. గడియారం చూపిన తప్పే కొలత అయింది. నీ గిన్నె కూడా అంతే. దాన్ని గడియారం అనుకుంటే పాడైన గడియారం, ఊటను కొలిచే త్రాసు అనుకుంటే బంగారం. అయితే ఆయనకు నక్షత్రాలు ఉన్నట్టు, నీ తూముకాళ్లకు ఊట తాకలేని రెండో గడియారం ఒకటి కావాలి.

అది మన పాత లెక్కలోనే ఉంది. సూర్యసిద్ధాంతంలో ఘడియకు 60 విఘడియలు, విఘడియకు ఆరు ప్రాణాలు. ప్రాణం అంటే ఆరోగ్యంగా ఉన్న మనిషి ఒక ఊపిరి, నాలుగు సెకన్లు. రోజుకు 21,600. వృత్తంలో కలలు (డిగ్రీలో అరవయ్యో వంతు ఒక కల) కూడా 360ని 60తో గుణిస్తే అన్నే, అంటే ఒక ఊపిరికి ఆకాశం ఒక కల తిరుగుతుంది. (ఆర్యభటుడైతే తిరిగేది ఆకాశం కాదు, భూమి అన్నాడు. అది వేరే ముచ్చట, మొదలుపెడితే ఆపను.)

ఇప్పుడు నీ మునక 864 సెకన్లు, నాలుగుతో భాగిస్తే 216 ఊపిరులు. కింది చెరువులో ఐదు మునకలు, 1080 ఊపిరులు. పై చెరువులో అదే 1080 మూడు మునకల్లో అయిందంటే మునకకు 360. నువ్వు మర్చిపోయి రాసిన మూడూ ఐదూ ఇంత శుభ్రంగా కుదిరాయంటే నాకే నవ్వొచ్చింది. 1080 అంటే జపమాల పది సార్లు తిప్పడం. నీ నాయిక చేతిలో ఒక మాల పెట్టు.

చెరువుగట్టు_కథకుడు:

సార్, దండం. పొద్దున బస్సులో చదివి దిగాల్సిన స్టాప్ దాటేశాను.

విలన్ పై చెరువులోనే మునిగి చస్తాడు సార్. పద్దెనిమిదో అధ్యాయం. రాసేశాను కూడా. ఏదో ఒకటి చేస్తాను.

ఒక డౌట్. ఊపిరి బదులు ఎండతో కొలిస్తే మామూలు జనానికి సులువు కదా? పొద్దు పొడిచిన దగ్గర్నుంచి పొద్దుగూకే దాకా సగం, అంటే యాభై మునకలు అని పంచేస్తే?

రిటైర్డ్_లెక్కల_సారు:

పంచవచ్చు, కానీ అప్పుడు మునక కాలాన్ని బట్టి సాగుతుంది. రాహుకాలం తెలుసు కదా, అసలు పద్ధతిలో పగటిని ఎనిమిది భాగాలు చేసి అందులో ఒకటి తీసుకుంటారు. క్యాలెండర్లో గంటన్నర అని అచ్చేస్తారు కానీ మన వరంగల్‌లో లెక్కవేస్తే డిసెంబరులో దాదాపు 83 నిమిషాలు, జూన్‌లో 99 దాకా వస్తుంది. నీ తూముకాళ్లు ఎండాకాలం ఒక పట్టిక, చలికాలం ఒక పట్టిక రాసుకోవాలి. కావాలంటే పెట్టుకో, కథకు రంగు వస్తుంది.

ఏడు చెరువులూ తూర్పు పడమరలుగా ఉన్నాయి, ఒక్కో చోట మిట్టమధ్యాహ్నం ఒక్కోసారి వస్తుందేమో అని కంగారు పడకు. మన దగ్గర నిజమైన మిట్టమధ్యాహ్నం సగటున గడియారంలో పన్నెండు దాటిన పదకొండు పన్నెండు నిమిషాలకు వస్తుంది, ఎందుకంటే దేశం టైము 82.5 డిగ్రీల రేఖాంశం మీద పెట్టారు, మనం దానికి పడమర. రేఖాంశం డిగ్రీకి నాలుగు నిమిషాలు. నీ సీమ మూడు వందల కిలోమీటర్ల వెడల్పు ఉన్నా తేడా పదకొండు నిమిషాలు, ఒక మునక కంటే తక్కువ. ఎవరూ గమనించరు.

బీడీలవ్వ_మనవరాలు:

సార్ చెప్పినవన్నీ బాగున్నాయి కానీ నాకు ఒకటి అర్థం కాలేదు. మూడు మునకల సేపు తూము పట్టుకుని, పైనుంచి విలన్ మనుషులు వస్తుంటే, ఆ పిల్ల ఊపిరి నాలుగు సెకన్లకు ఒకటి ఎట్లా తీస్తుంది? భయపడితే ఊపిరి ఎగపోస్తుంది. నేను ఇంటర్ రిజల్ట్ చూసుకున్న రోజు నా ఊపిరితో కొలిస్తే పొద్దున్నే సాయంత్రం అయ్యేది.

మాది జగిత్యాల వైపు. మా అవ్వ బీడీలు చేసేది. చాట ఒళ్లో పెట్టుకుని, తునికాకు కత్తిరించి, తంబాకు పోసి, చుట్టి దారం కట్టేది, చూడకుండానే, మాతో కొట్లాడుతూనే. ఆమెకు గంటలు నిమిషాలు లేవు. "రెండు కట్టలు అయ్యేలోపు నీళ్లు పట్టుకొని రా" అనేది. అవ్వ కట్ట అంటే ఎంతసేపో మాకు ఒంట్లో తెలుసు. ఆకు ఎండిపోయి పగులుతుంటే కట్టకు ఎక్కువసేపు పట్టేది, వానాకాలం మెత్తగా ఉంటే తొందరగా అయ్యేది, అయినా కట్ట కట్టే. కూలి వెయ్యి బీడీలకు ఇంత అని ఇస్తారు, పొద్దు ఎంతయిందని ఎవడూ అడగడు. ఆకు బాగాలేదని కమీషన్ దగ్గర వాపస్ వస్తే ఆ రోజు టైమంతా గంగలో పోసినట్టే.

అందుకే అన్నా, నీ మునక శాస్త్రం వాళ్లకే కాదు, కూలి వాళ్లకు ఏమవుతుందో కూడా రాయి. గిన్నె ఎవరి దగ్గర ఉంటుంది? మా అవ్వ చెప్పేది, వాళ్ల చిన్నప్పుడు దొర గడిలో వెట్టికి పోతే ఇంటికి ఎప్పుడు పోవాలనేది దొర మాటే. నీ లోకంలో దొర గడిలోనే గడియ గిన్నె ఉంటే, ఉప్పు నీళ్లకు చిల్లులో సున్నం పేరుకుంటుంది కదా (మా ఇంట్లో గీజర్ చూస్తే తెలుస్తుంది), చిల్లు సన్నబడి మునక పొడుగవుతుంది. వాడు కావాలని చిల్లు తోమించడు. కూలోళ్లు రోజూ అవే ఇరవై మునకలు చేస్తారు, ఇంటికి మాత్రం చీకటి పడ్డాక పోతారు. ఎవరో ఒక ముసలమ్మ ఊపిరి లెక్కపెట్టి పట్టుకుంటుంది. మీ బావ మీటరు కర్ర మాట అక్కడికే సరిగ్గా సరిపోతుంది.

కాజీపేట_జంక్షన్:

ఈ ముసలమ్మ కోసమైనా నేను పుస్తకం కొంటాను. హీరోయిన్‌ను తీసేసి ఈమెను పెట్టు బ్రో, సీరియస్‌గా చెప్తున్నా.

నిమిషం మాత్రం తీసెయ్.

రిటైర్డ్_లెక్కల_సారు:

నిమిషం తీయనక్కర్లేదు తమ్ముడూ. నిమిషం అంటే సంస్కృతంలో రెప్పపాటు, అరవై సెకన్లు తర్వాత వచ్చిన అర్థం. రెప్ప వేయరు కాబట్టే దేవతలను అనిమిషులు అన్నారు. గంట కూడా మోగే గంటే, కొట్టి చెప్పేవాళ్లు కాబట్టి కాలానికి ఆ పేరు వచ్చింది. నీ హీరో "ఒక్క నిమిషం ఆగు" అంటే ఒక్క రెప్పపాటు ఆగమన్నట్టు. వెంటనే రెప్ప వేయించి ముందుకు పో.

అమ్మాయి చెప్పిన ఊపిరి మాట నిజం, నేను దాన్ని తేలిగ్గా తీసుకున్నాను. తప్పు నాదే. ప్రాణం లెక్కలో కూడా ఆరోగ్యంగా, కుదురుగా ఉన్న మనిషి అనే షరతు ఉంది. అలా కుదురుగా లెక్కపెట్టడమే తూముకాడి చదువు అనుకుంటే సరిపోతుంది.

కాజీపేట_జంక్షన్:

సరే సార్, నిమిషం ఉండనివ్వండి. సెకను కనిపిస్తే మాత్రం ఊరుకోను.

చెరువుగట్టు_కథకుడు:

నిన్న రాత్రి రెండింటి దాకా కూర్చుని పదకొండో అధ్యాయం మళ్లీ రాశాను. నాయిక చేతిలో మాల పెట్టాను సార్. ఊట పోతున్నకొద్దీ నీళ్లు తేలికవుతాయి కాబట్టి మూడు మునకలూ ఒకేలా ఉండవని రాస్తుంటే తట్టింది. మొదటి గిన్నె మునిగేసరికి 420 ఊపిరులు, రెండోది 360, మూడోది 300. కూడితే 1080. మూడో గిన్నె ముందుగా మునిగినప్పుడు ఆమె గిన్నె పాడైందని అనుకోదు, తూము పనిచేస్తోందని తెలుసుకుంటుంది. అక్కడ మాత్రం ఆమె లెక్క తప్పుతుంది, అక్కా, మీరు చెప్పినట్టే. ఏడో మాల తర్వాత ఎనిమిదోదా తొమ్మిదోదా గుర్తుండదు. కింద ఊళ్లో గిన్నె దగ్గర కూర్చున్న ముసలమ్మ లెక్కే చివరికి నిలబడుతుంది. ఆమె చేతులు ఖాళీగా ఉండవు, ఏదో ఆకు చుడుతూ ఉంటుంది. బీడీ అని రాయలేదు కానీ మీకు తెలిసిపోతుంది.

దొర గిన్నె సంగతి కొత్త అధ్యాయం అవుతుంది. బావకు ఫోన్ చేసి చెప్తే, "మా షాపులో కర్ర మీద గవర్నమెంటు ముద్ర ఉంటుంది, ఆ గిన్నె మీద ఎవరి ముద్ర ఉంటుంది?" అన్నాడు. దానికి ఇంకా జవాబు లేదు.

విలన్ మునగడం లేదు. తేలుతున్నాడు. ఎంత కాళ్లు కొట్టుకున్నా మునగలేక, ఒడ్డుకు రాలేక, ఊరంతా గట్టు మీద నిలబడి చూస్తుంటే పొద్దుగూకేదాకా తేలుతూనే ఉంటాడు. చంపడం కంటే ఇదే బాగుంది.

ఒకటే టెన్షన్. గిన్నెకు చిల్లు పెట్టిన సంగతి అమ్మకు ఇంకా తెలియదు. ఈ శుక్రవారం పూజకు రాగి సామాను దించుతానంటోంది.

బీడీలవ్వ_మనవరాలు:

అన్నా, శుక్రవారం లోపల మాటు వేయించు. హన్మకొండలో పాత బజార్ల వైపు అడిగితే మాట్లు వేసేవాళ్లు ఇంకా దొరుకుతారు. చింతగింజలు తీసి ఇవ్వు.